పాలు పొంగినవా, పొంగిందా?

వెల్దుర్తి పరిసర గ్రామమునుండి వచ్చిన ఒక విద్యార్థి తెలుగు జవాబు పత్రములో "పాలు పొంగింది, నీళ్ళు ఒలికింది" అని వ్రాశాడు. ఎఱ్ఱసిరాతో కొట్టివేసి అరమార్కు తగ్గించాము. తరువాత ఆలోచింపగా ఆ తప్పులో ఒక క్రమమున్నదని తోచింది. వాని యింట దూధ్, పానీ ఏకవచనములు. తెలుగులో పాలు, నీళ్ళు, వడ్లు, కందులు నిత్యబహువచనములు. బాలుడు తెలుగు మాటను వ్రాసి, ఉర్దూ లెక్కను చేశాడు.

తెలుగున బహువచన ప్రత్యయము ప్రధానముగా 'లు' ఒక్కటే. అది చేరునప్పుడు ఇల్లు ఇళ్ళగును, చెట్టు చెట్లగును, చిక్కంతా అక్కడనే. ఉర్దూలో దారులు పెక్కు. లడ్కా లడ్కే అవుతాడు, కితాబ్ కితాబేఁ అవుతుంది, ఘర్ ఒకటైనను రెండైనను ఘరే. అరబ్బీ పదములలో కొన్ని లోపలనే విరిగి మారుతాయి: హక్, హుకూక్, ఖబర్, అఖ్బార్. వ్యాకర్తలు దీనిని 'జమా ముకస్సర్', అనగా విరిగిన బహువచనము, అన్నారు.

ఇట్టి పదము పొరుగు భాషకు పోయినప్పుడు తన బహువచనమును సాధారణముగా వెంట తీసికొనిపోదు. హుకూక్ మనకు రాలేదు, హక్కులు అన్నాము. ఖబర్ కబురైనది, కబుర్లు అనేసరికి అర్థమే మారి పిచ్చాపాటి అయినది! అఖ్బార్ ఉర్దూలో ఏకవచనమై వార్తాపత్రికకు పేరైనది. నవాబు మూలమున నాయబ్‌కు బహువచనమే. దానికి మనము 'లు' చేర్చి నవాబులన్నాము, ఇంగ్లీషువారు 'స్' చేర్చి నేబాబ్స్ అన్నారు. అరబ్బుల పాలనలో స్పెయిన్ చేరిన 'అల్ ఖాజీ' అక్కడ అల్కాల్దే అయి, నేడు నగరాధ్యక్షుని పేరుగా ఉన్నది. అరబ్బీ బహువచనము 'ఖుజాత్'ను స్పానిష్ వారు అడుగలేదు; అల్కాల్దేస్ అన్నారు.

మన యిండ్లలోని దక్కనీ సంగతి వేరు. కితాబాఁ, బాతాఁ అన్న విద్యార్థిని చూచి తోటివారే నవ్వుతారు. తెలుగు సాంగత్యమున చెడిన ఉర్దూ అని కొందరి అభిప్రాయము. అది సరికాదు. పంజాబీలోను 'కితాబాఁ' అనే అంటారు. 1580లో గోలకొండ గద్దెనెక్కిన మహమ్మద్ కులీ కుతుబ్ షా నాటి దక్కనీ కవిత్వములో ఈ 'ఆఁ' విరివిగా కనబడుతుంది. ఉర్దూ పరీక్షలో కితాబేఁ అనియే వ్రాయవలెను, సందేహము లేదు. కాని యింట తల్లితో కితాబాఁ అనుటకు సిగ్గుపడనక్కరలేదు.

ఆ విద్యార్థికి అరమార్కు తిరిగి వేయలేదు. కొట్టివేత ప్రక్కన మాత్రము "దూధ్ ఒకటి, పాలు అనేకము" అని వ్రాసి యిచ్చాము.