రెయిన్‌హిల్ పోటీలు

రెయిన్‌హిల్ పోటీలు 1829 అక్టోబరు 6న ఇంగ్లాండులో, లివర్‌పూల్‌కు సమీపంలోని రెయిన్‌హిల్ వద్ద ప్రారంభమైన ఆవిరి ఇంజన్ల పోటీలు. అప్పుడు నిర్మాణంలో ఉన్న లివర్‌పూల్ - మాంచెస్టర్ రైలుమార్గానికి తగిన ఇంజనును ఎంచుకోవడానికి ఆ కంపెనీ డైరెక్టర్లు వీటిని ఏర్పాటు చేశారు. జార్జి స్టీఫెన్‌సన్, ఆయన కుమారుడు రాబర్టు, కంపెనీ ఉద్యోగి హెన్రీ బూత్ కలసి నిలిపిన "రాకెట్" 500 పౌన్ల బహుమతి గెలుచుకుంది.

నేపథ్యం

1825లో ప్రారంభమైన స్టాక్టన్ - డార్లింగ్టన్ మార్గంలో బొగ్గును ఇంజన్లు లాగుతున్నా, ప్రయాణికుల బండ్లకు ఇంకా గుర్రాలనే కట్టేవారు. కదిలే ఇంజనుపై నమ్మకం అంత తక్కువగా ఉండేది. కంపెనీ కోరికపై పరిశీలన జరిపిన జేమ్స్ వాకర్, జాన్ రాస్ట్రిక్ అనే ఇంజనీర్లు, దారి పొడవునా స్థిర యంత్రాలు నెలకొల్పి మోకులతో బండ్లను లాగించడమే మేలని 1829లో నివేదించారు. అయితే ఒక్క యంత్రం ఆగితే మార్గమంతా స్తంభించిపోతుంది. మార్గ నిర్మాత అయిన జార్జి స్టీఫెన్‌సన్ ఈ పద్ధతిని గట్టిగా వ్యతిరేకించాడు. వాదన తేలక, డైరెక్టర్లు పోటీ ప్రకటించారు. విచిత్రమేమంటే, ముగ్గురు న్యాయనిర్ణేతలలో రాస్ట్రిక్ ఒకడు.

నియమాలు

ఇంజను బరువు 6 టన్నులు మించరాదు. తన బరువుకు మూడింతలు లాగుతూ గంటకు 10 మైళ్ళ వేగంతో నడవాలి. తన పొగను తానే దహించుకోవాలి. సుమారు ఒకటిన్నర మైళ్ళ పట్టాలపై పలుమార్లు అటూ ఇటూ తిరిగి, లివర్‌పూల్ నుండి మాంచెస్టర్‌కు పోయిరావడంతో సమానమైన దూరం పూర్తి చేయాలి.

పోటీ

బరిలో నిలిచినవి ఐదు. వీటిలో "సైక్లోపెడ్" ఆవిరి యంత్రమే కాదు. తిరిగే పట్టీపై గుర్రం నడుస్తుంటే కదిలే బండి. "పర్సివియరెన్స్" నిర్ణీత వేగాన్ని అందుకోలేకపోయింది. ప్రేక్షకుల అభిమానం పొందినది ఎరిక్సన్, బ్రెయిత్‌వెయిట్‌ల "నావెల్టీ". తేలికైన ఈ ఇంజను మొదటిరోజు గంటకు 28 మైళ్ళ వేగంతో పరుగెత్తింది కాని, తరువాత పదేపదే చెడిపోయింది. తిమోతి హాక్‌వర్త్ నిర్మించిన "సాన్స్ పరేల్" బరువు పరిమితిని కొంత మించినా పరుగెత్తనిచ్చారు. సిలిండరు పగలడంతో అదీ విఫలమైంది. ఆ సిలిండర్లు రాబర్టు స్టీఫెన్‌సన్ కర్మాగారంలోనే పోతపోసినవి కావడం వలన అనుమానాలు చాలాకాలం నిలిచాయి. కుట్ర జరిగిందనడానికి ఆధారం లేదు.

అక్టోబరు 8న రాకెట్ 13 టన్నుల బరువుతో నిర్ణీత దూరం పూర్తి చేసింది. సగటు వేగం గంటకు సుమారు 12 మైళ్ళు.

రాకెట్ ప్రత్యేకత

అంతకుముందరి బాయిలర్లలో వేడిగాలి ఒకటి రెండు పెద్ద గొట్టాల గుండా మాత్రమే పోయేది. బూత్ సూచనపై రాకెట్‌లో 25 సన్నని రాగి గొట్టాలు అమర్చారు. నీటికి వేడి తగిలే వైశాల్యం బాగా పెరిగి, ఆవిరి త్వరగా పుట్టింది. వాడిన ఆవిరిని పొగగొట్టంలోకి వదలడం వలన పొయ్యిలోకి గాలి బలంగా లాగబడి, ఇంజను వేగం పుంజుకున్నకొద్దీ నిప్పు రాజుకునేది. 1853లో బొంబాయి - ఠాణాల మధ్య బండిని లాగిన ఇంజన్లలోనూ ఈ సూత్రాలే ఉన్నాయి.

అనంతరం

1830 సెప్టెంబరు 15న మార్గం ప్రారంభమైంది. ఆనాడే పట్టాలపై దిగి నిలిచిన పార్లమెంటు సభ్యుడు విలియం హస్కిసన్ రాకెట్ కిందపడి గాయాలతో మరణించాడు. ఓడిన సాన్స్ పరేల్‌ను కంపెనీయే కొని బోల్టన్ - లీ మార్గానికి అద్దెకిచ్చింది. అక్కడ 1844 వరకు నడిచి, తరువాత ఒక బొగ్గుగనిలో స్థిర యంత్రంగా పనిచేసింది.