కొన్న ఆటను మరల తెచ్చుకొనుట

కొన్న వస్తువు కొన్నవాని ఇంట ఉండుట లోకములోని వాడుక. బిందె కొన్నచో అది మన వంటయింట ఉండును. గ్రామఫోను రికార్డు కొన్నచో మన బీరువాలో ఉండును. ధర పూర్తిగా చెల్లించియు, వస్తువును అమ్మినవాని కొట్టులోనే ఉంచి, కావలసినప్పుడెల్ల అచ్చటినుండి తెచ్చుకొను పద్ధతి మన కాలములో బలపడినది. పిల్లలు చేతబట్టుకొని ఆడు యంత్రములకై ఇంటర్నెట్టు ద్వారా కొన్న గేములు అట్టివే. పది పన్నెండేండ్ల క్రిందటి యంత్రములు నేడు పెక్కు ఇండ్లలో బల్ల సొరుగులలో పడియున్నవి. వానికై కొన్న గేములు ఉన్నవా, పోయినవా, ఉన్నచో ఎట్లు తెచ్చుకొనవలెను అన్నది ఈనాటి ప్రసంగ విషయము.

నెల్లూరు సీమవారికి దీనిని వడ్ల గోదాము పోలికతో చెప్పుట సులువు. మీరు ఒక ఆసామివద్ద రెండు పుట్ల మొలగొలుకులు కొంటిరనుకొనుడు. సొమ్ము ఇచ్చితిరి. ధాన్యము ఆయన గోదాములోనే ఉన్నది. మీ చేతిలో చీటీ ఉన్నది. చీటీ చూపినప్పుడెల్ల కొలిచి ఇత్తురు. వడ్లకును గేమునకును ఒక్కటే భేదము: గేము ఎన్నిమార్లు కొలిచినను తరుగదు. కాని చీటీ పోయినను, గోదాము మూతపడినను, మీ గాదెలో గింజ ఉండదు. ఇచ్చట చీటీ అనగా మీ అకౌంటు. గోదాము అనగా కంపెనీవారి సర్వరు. మూడవది మరియొకటి కలదు, అది గోనెసంచి. ఆ సంచియే మీ పాత యంత్రము. ఆ ధాన్యమును వేరు సంచిలో పోయుటకు ఆసామి ఒప్పుకొనడు.

కొట్టు మూయుట వేరు, గోదాము మూయుట వేరు. ఈ భేదము తెలియక అనేకులు ఆశ వదలుకొనుచున్నారు. జపాను దేశపు నింటెండో కంపెనీ 2011లో 3డీఎస్ అను చేతియంత్రమును వెలువరించి, ఆ యేడే దానికి ఈషాపు అను అంగడి తెరచినది. 2020లో యంత్రముల తయారీ ఆగినది. 2023 మార్చి 27న అంగడిలో అమ్మకము నిలిచినది. 2024 ఏప్రిలులో ఇంటర్నెట్టుపై పరులతో కూడి ఆడు సౌకర్యమును తీసివేసిరి. అయినను, అమ్మకము ఆపునప్పుడే, పూర్వము కొన్నవారు తమ గేములను మరల తెచ్చుకొనవచ్చునని కంపెనీవారు చెప్పిరి. అంతకు ముందటి డీఎస్ఐ యంత్రపు అంగడి 2017 మార్చి 31న మూతపడినప్పుడును ఇట్లే చెప్పిరి. ఎంతకాలమని మాత్రము రెండు సందర్భములలోను గడువు పెట్టలేదు. గడువు లేని మాటను నమ్మి కూర్చుండుటలోని చిక్కు 2022లో బయటపడినది. ఆ యేడు మార్చిలో డీఎస్ఐ అంగడి చెప్పాపెట్టకుండ నిలిచిపోయి, జూలైలోగాని మరల తెరచుకొనలేదు. ఆ నాలుగు నెలలు చీటీ చేతనున్నవారికి కూడ ధాన్యము లేకపోయినది.

సోనీ కంపెనీవారి కథ మరికొంత చిత్రము. 2021 మార్చిలో వారు పీఎస్3, పీఎస్‌పీ, వీటా అను మూడు యంత్రముల అంగళ్ళను జూలై, ఆగస్టు నెలలలో మూసివేసెదమని ప్రకటించిరి. కొనుగోలుదారులు గగ్గోలు పెట్టగా, ఏప్రిలు 19న పీఎస్3, వీటా అంగళ్ళను ఉంచెదమని మాట మార్చుకొనిరి. పీఎస్‌పీ నుండి క్రొత్తగా కొనుట మాత్రము జూలైలో ఆగినది. కొన్నవానిని తెచ్చుకొను పట్టిక నిలిచినది. వినియోగదారులు కేకవేయగా కంపెనీ వెనుకకు తగ్గుట ఈ వ్యాపారములో అరుదు. అందుచేతనే ఇంత వివరముగ చెప్పితిని.

సముద్రతీర గ్రామమునుండి ఒక తల్లి మాకు ఇట్లు వ్రాసినారు. ఆమె పెద్దకుమారుడు అమెరికాలో చదువుకొనుచు అచ్చట కొన్న 3డీఎస్‌ను, అందులో కొన్న గేములతో సహా, చెల్లెలికి ఇచ్చిపోయెను. రెండేండ్లకు కార్డు చెడినది. పట్టణములోని ఒక మరమ్మతు దుకాణదారుడు, అంగడియే మూతపడినది కనుక గేములన్నియు పోయినవనియు, క్రొత్త యంత్రము కొనవలసినదనియు సలహా చెప్పెను. నష్టము సొమ్ములోనే కాదు. అన్నాచెల్లెండ్రు సెలవులలో కూర్చుండి ఆడిన ఆటలవి. దుకాణదారుని మాట నిజము కాదు. కొడుకును ఫోనులో అడిగి అకౌంటు పాస్‌వర్డు తెప్పించి, క్రొత్తకార్డు వేసి ప్రయత్నింపగా గేములు అన్నియు వచ్చినవి. అయితే వారిద్దరును ఎంతవరకు ఆడిరో ఆ గుర్తులు పాతకార్డులోనే ఉండినవి. ఆట తిరిగి వచ్చినది, ఆడినది రాలేదు. సర్వరులో ఉండునది గేము మాత్రమే. మీరు గెలిచిన మెట్లు, కూడబెట్టిన వస్తువులు కార్డుతోనే పోవును.

కార్డు చెడుటకు కారణము మన తీరమందలి గాలియే కావచ్చును. మైపాడు మొదలు తూపిలిపాలెము వరకు ఇండ్లలో ఇనుపతలుపుల గొళ్ళెములు ఎట్లు త్రుప్పు పట్టునో మీకు తెలియనిది కాదు. ఉప్పుతో కూడిన తేమ కార్డు అంచునగల లోహపు రేకులను, ఛార్జరు పెట్టు రంధ్రమును అట్లే తినివేయును. వాడని యంత్రమును బిగుతుగ మూతపడు డబ్బాలో, మందుసీసాలతో వచ్చు తేమపీల్చు పొట్లములను వేసి దాచవలెను. బ్యాటరీ పూర్తిగా ఖాళీగ ఉండరాదు. సగము నింపి, రెండుమూడు నెలలకొకసారి చూడవలెను. వెనుకమూత ఉబ్బినచో బ్యాటరీ చెడినదని తెలిసికొని వెంటనే తీసివేయవలెను.

ఇక తెచ్చుకొను విధానము. 3డీఎస్‌ను ముందుగ వైఫైకి కలపవలెను. చాలమంది ఇచ్చటనే ఆగిపోవుదురు. నేటి ఫైబరు రౌటర్లు రెండు పౌనఃపున్యములలో ప్రసారము చేయును: 2.4, 5 గిగాహెర్ట్జులు. రేడియో శ్రోతలకు మీడియంవేవు, షార్టువేవు భేదము తెలిసినదే గదా; మీడియంవేవు మాత్రమే గల సెట్టులో షార్టువేవు కేంద్రము ఎంత త్రిప్పినను దొరకదు. ఈ పాత యంత్రములు 2.4 గిగాహెర్ట్జులనే వినగలవు. రౌటరులో దానిని వేరుపేరుతో తెరిపించుకొనవలెను. పీఎస్‌పీ మరింత పాతది. డబ్ల్యూపీఏ2 అను నేటి భద్రతా పద్ధతి దానికి అర్థము కాదు, మునుపటి డబ్ల్యూపీఏ మాత్రమే తెలియును. పని ముగియువరకు రౌటరును పాత పద్ధతికి మార్చి, పిమ్మట యథాస్థితికి తేవలెను. మరచిపోవలదు, ఇంటి వైఫైకి అది బలహీనమైన తాళము. 2011లో వచ్చిన చౌకరకపు పీఎస్‌పీలో వైఫైయే లేదు.

కలిసిన తరువాత ఈషాపు గుర్తును తాకవలెను. అప్‌డేటు అడిగినచో చేయవలెను. మెనూలో సెట్టింగుల భాగమునకు పోయి, మరల డౌన్‌లోడు చేయదగిన గేముల పట్టికను తెరచినచో, మీరు కొన్నవి కనబడును. ఒక్కొక్కటిగ తెచ్చుకొనవచ్చును. ఛార్జరు తగిలించియుంచుట మంచిది. తుపాను హెచ్చరిక ఉన్ననాడు ఈ పని పెట్టుకొనవలదు.

3డీఎస్ అకౌంటు ఒకసారికి ఒక్క యంత్రమునకే అంటియుండును. యంత్రము మార్చుటకు పాతది, క్రొత్తది రెండును పనిచేయుచు ప్రక్కప్రక్కన ఉండవలెను. పాతది పూర్తిగా చచ్చిన తరువాత కంపెనీవారి దయయే శరణ్యము. మన దేశమునకు ఆ ఈషాపు లేదు. మన యిండ్లలోని యంత్రములు అమెరికా, ఐరోపా, జపాను ప్రాంతములకు చెందినవి. కనుక వ్రాయవలసినది ఆ ప్రాంతపు కార్యాలయమునకు. తెర మసకబారినప్పుడే, మీటలు మొరాయించినప్పుడే జాగ్రత్తపడుట మేలు.

సోనీ యంత్రములకు వేరొక చిక్కు కలదు. ఫోనుకు సంకేతము వచ్చు రెండంచెల భద్రతను పెట్టుకొన్నవారు తమ మామూలు పాస్‌వర్డును పీఎస్‌పీలోగాని వీటాలోగాని ఎంత సరిగా కొట్టినను తప్పనియే చెప్పును. కంప్యూటరులో అకౌంటు తెరచి, పాత యంత్రములకై ప్రత్యేకముగ ఇచ్చు పాస్‌వర్డును పుట్టించి, దానిని వాడవలెను. పాస్‌వర్డు మరచితినని తలపట్టుకొన్నవారిలో పలువురు నిజమునకు మరచినవారు కారు.

బిళ్ళతో వచ్చిన గేములకు ఈ బాధ లేదు. హైదరాబాదులోని గేమ్‌శాస్త్ర సంస్థవారు కబడ్డి, బిళ్ళంగోడు వంటి మన ఆటలతో దేశీ అడ్డా అను గేమును రూపొందింపగా, 2009లో అది పీఎస్2 యంత్రమునకు, పిమ్మట పీఎస్‌పీకి వచ్చినది. దాని బిళ్ళ కొని దాచినవారు నేడు ఎవ్వరి అనుమతియు అడుగనక్కరలేదు. అదే 2009లో సోనీవారు బిళ్ళ పెట్టు చోటే లేని పీఎస్‌పీ గో అను యంత్రమును తెచ్చిరి. అది గలవారికి గోదాము తప్ప గత్యంతరము లేదు.

కొనుట అను మాటయే ఇచ్చట తగునా అని శాసనకర్తలును అడిగిరి. అమెరికాలోని కాలిఫోర్నియా రాష్ట్రము 2024లో చేసిన చట్టము 2025 జనవరి 1న అమలులోనికి వచ్చినది. డిజిటల్ వస్తువును అమ్మువాడు కొనుడు అని వ్రాసినచో, ఇచ్చునది లైసెన్సు మాత్రమేనని స్పష్టముగ తెలుపవలెనని దాని నిబంధన. శాశ్వతముగ దించుకొని ఉంచుకొనగల వస్తువులకు ఇది వర్తింపదు. లైసెన్సు మన పెద్దలకు క్రొత్తది కాదు. రేడియో పెట్టె తమదే అయినను, వారు ఏటేట తపాలా కచేరికి పోయి రుసుము కట్టి వచ్చెడివారు. కాని రుసుము కట్టిన యేడు విననిత్తురని వారికి తెలియును. గేము కొన్నవానికి ఆ మాత్రపు గడువైనను తెలియదు.

తెచ్చుకొన్న తరువాత చేయవలసిన పని ఒకటి మిగిలియున్నది. 3డీఎస్ కార్డును కంప్యూటరులో పెట్టి, అందులోని నింటెండో 3డీఎస్ అను ఫోల్డరును మొత్తముగ నకలు తీసి ఉంచవలెను. అది వేరొక యంత్రములో పనిచేయదు, ఆ యంత్రపు తాళముతోనే బిగింపబడియుండును. కాని కార్డు మాత్రమే చెడినచో, క్రొత్తకార్డుపై ఆ నకలును వేసికొనగ గేములతోపాటు ఆడిన గుర్తులును వచ్చును. నెలకొకసారి నకలు తీసిన చాలును. అకౌంటు పేరు, పాస్‌వర్డు, దానికి ఇచ్చిన ఈమెయిలు, ఈ మూడింటిని పట్టాదారు పాసుపుస్తకముండు పెట్టెలో ఒక కాగితముపై వ్రాసి పెట్టుడు. ఆ ఈమెయిలు కొడుకుదైనచో, అతడు ఊరు విడుచుటకు ముందే వ్రాయించుకొనుడు.