డెబ్బై పైసల మిత్తి: తీసుకునేది 30 లక్షలు, కట్టేది 62 లక్షలు

హైదరాబాద్: మన జిల్లా పల్లెల నుంచి సర్కారు కొలువు కోసం పట్నం వెళ్లే పిల్లలు చాలామంది మొదట దిగేది అశోక్‌నగర్‌లోనే. గ్రూప్స్ పరీక్షల కోచింగ్ సెంటర్లు అక్కడున్నాయి. పక్కనే చిక్కడపల్లిలో సిటీ కేంద్ర గ్రంథాలయం ఉంది. పగలంతా అక్కడ చదువు, రాత్రికి నలుగురు కలిసి అద్దెకు తీసుకున్న ఇరుకు గది. కష్టం ఫలించి ఉద్యోగం వచ్చి, పెళ్లయి, పిల్లలు పుట్టాక అలవాటైన ఆ గల్లీలలోనే, కుదరకపోతే నారాయణగూడ వైపు ఒక ఫ్లాటు కొనుక్కోవాలన్న కోరిక కలగడం సహజం. చిక్కడపల్లికీ నారాయణగూడకూ 2020 ఫిబ్రవరిలో మెట్రో రైలు కూడా వచ్చింది.

అక్కడి నుంచి వ్యవహారం మన ఊరికి వస్తుంది. బ్యాంకు వాళ్లు అప్పు ఇస్తామంటున్నారు, ముందుగా కట్టే సొమ్ము తక్కువపడింది, ఓ ఎకరం అమ్మితే బాగుంటుందని కొడుకు కబురు చేస్తాడు. లేదా జీతం ఒక్కటే చాలదట, నీవు కూడా ఒక సంతకం పెట్టమంటాడు. కొడుకు ఇంటివాడవుతుంటే కాదనే తండ్రి ఎవరు? అయితే అమ్మే ముందు, సంతకం పెట్టే ముందు అడగవలసిన ప్రశ్న ఒకటుంది. ఆ ఫ్లాటు అసలు ఖరీదెంత?

మన ఊళ్లలో మిత్తి లెక్క నూటికి నెలకు ఇంత అని. రెండు రూపాయలంటే మామూలు. మూడంటే ప్రియం. ఐదంటే గొంతు కోత. రెండు రూపాయల మిత్తి ఏడాదికి 24 శాతం అవుతుంది. బ్యాంకు ఇంటి అప్పుకు ఏడాదికి 8.5 శాతం వడ్డీ అనుకుందాం. మన భాషలో చెబితే నూటికి నెలకు డెబ్బై పైసలు. ఊళ్లో దొరికే అప్పుతో పోలిస్తే ఇది ధర్మానికి ఇచ్చినట్టే కనిపిస్తుంది. తండ్రి మెత్తబడేది ఇక్కడే. ఊరి అప్పు పంట చేతికొచ్చేదాకా, మహా అయితే రెండేళ్లు. బ్యాంకు అప్పు ఇరవై ఏళ్లు. రేటు చూసిన కళ్లు గడువును చూడవు.

లెక్క వేసి చూద్దాం. రూ. 30 లక్షల అప్పు, 8.5 శాతం వడ్డీ, 20 ఏళ్ల గడువు. ఈఎంఐ అనే నెలవారీ కిస్తు రూ. 26,035 పడుతుంది. 240 కిస్తులు కట్టేసరికి మొత్తం రూ. 62,48,400 అవుతుంది. అంటే అసలు 30 లక్షలకు వడ్డీ 32 లక్షల పైచిలుకు. డెబ్బై పైసల మిత్తి చేసే పని ఇది.

కాల్వ నీటి లెక్క

ఇందులో బ్యాంకు దొంగలెక్క ఏమీ లేదు. మిగిలి ఉన్న అసలు మీదనే నెలనెలా వడ్డీ కడతారు. కానీ కాల్వ నీరు ముందు పై మడికి పారి, మిగిలితేనే కింది మడికి వచ్చినట్టు, కిస్తు సొమ్ము ముందుగా వడ్డీకి పోతుంది. మిగిలిందే అసలుకు చేరుతుంది. పై లెక్కలో మొదటి నెల కట్టే రూ. 26,035లో వడ్డీకి పోయేది రూ. 21,250. అసలులో తగ్గేది రూ. 4,785 మాత్రమే. మొదటి ఏడాది మూడు లక్షల పన్నెండు వేలకు పైగా కడితే అసలు తరిగేది అరవై వేల లోపే. కిస్తులో సగం సొమ్ము అసలుకు చేరడం మొదలయ్యేది పన్నెండో ఏట.

పదేళ్లు ఒక్క కిస్తూ తప్పకుండా కట్టిన మనిషి సగం అప్పు తీరిందనుకుంటాడు. అప్పటికి అతను కట్టింది రూ. 31 లక్షల 24 వేలు. తీసుకున్న అసలు కన్నా ఎక్కువే. ఇంకా బాకీ ఎంతో తెలుసా? దాదాపు 21 లక్షలు! నడుమ ఏ అవసరానికో ఫ్లాటు అమ్మబోయిన వారికి బ్యాంకు ఇచ్చే బాకీ కాగితం చూసి కళ్లు తిరిగేది ఇందుకే.

గడువు పొడిగిస్తే కిస్తు తగ్గుతుంది కదా అని కొందరు 30 ఏళ్లకు ఒప్పుకుంటారు. అప్పుడు కిస్తు రూ. 23,067. నెలకు మూడు వేలు మిగిలినట్టు కనిపిస్తుంది. చివరికి కట్టే మొత్తం మాత్రం రూ. 83 లక్షలకు చేరుతుంది. అదే 15 ఏళ్లకు పెట్టుకుంటే కిస్తు రూ. 29,542, మొత్తం రూ. 53 లక్షల 18 వేలు. నెలకు మూడున్నర వేలు ఎక్కువ కట్టగల జీతం ఉన్నవాడు 20 ఏళ్లకు బదులు 15 ఏళ్లు ఎంచుకుంటే తొమ్మిది లక్షలకు పైగా మిగుల్చుకుంటాడన్న మాట.

రేటు కదిలితే

ఇంటి అప్పుల్లో ఎక్కువ భాగం మారే వడ్డీ రేటు మీద ఇచ్చేవే. 2019 అక్టోబర్ నుంచి బ్యాంకులు కొత్తగా ఇచ్చే ఇటువంటి అప్పులను రిజర్వు బ్యాంకు రెపో రేటు వంటి బయటి కొలమానానికి ముడిపెట్టాలి. 2022 మే నెలకు ముందు రెపో రేటు 4 శాతం. అక్కడి నుంచి పెంచుకుంటూ పోయి 2023 ఫిబ్రవరి నాటికి ఆరున్నర శాతం చేశారు. తొమ్మిది నెలల్లో రెండున్నర శాతం పెరిగింది. తగ్గించడం మళ్లీ 2025 ఫిబ్రవరిలో గానీ మొదలు కాలేదు.

పెరిగినప్పుడు ఏం జరిగింది? బ్యాంకులు సాధారణంగా కిస్తును కదపకుండా గడువును సాగదీస్తాయి. జీతంలో కోత ఎప్పటిలాగే ఉంటుంది కనుక ఇంట్లో ఎవరికీ తెలియదు. మన లెక్కలో మొదట్లోనే రేటు 8.5 నుంచి 9.5కు పెరిగి, కిస్తు అంతే ఉంచారనుకోండి. 240 నెలల్లో తీరవలసిన అప్పుకు 309 నెలలు పడుతుంది. ఒక్క శాతానికి దాదాపు ఆరేళ్లు! కిస్తుల రూపంలో మరో 18 లక్షలు.

ఇంతకన్నా విడ్డూరం మరొకటి ఉంది. రేట్లు బాగా తగ్గిన రోజుల్లో 6.75 శాతానికి 30 లక్షలు 20 ఏళ్లకు తీసుకున్న వారి కిస్తు రూ. 22,811. కొద్ది కాలానికే అది 9.25 శాతం అయితే నెల వడ్డీయే రూ. 23,000 దాటుతుంది. కిస్తు మొత్తం పోసినా వడ్డీకే చాలదు. అసలు తరగకపోగా పెరుగుతుంది. ఇటువంటివి రాకుండా చూడాలని 2023 ఆగస్టులో రిజర్వు బ్యాంకు ఆదేశాలిచ్చింది. రేటు మారినప్పుడు కిస్తు పెంచుకోవాలా, గడువు పెంచుకోవాలా, రెండూ కొంత కొంతా, లేక కొంత సొమ్ము ముందే చెల్లించాలా అన్నది అప్పు తీసుకున్న వారిని అడగాలి. గడువు సాగదీయడం వల్ల అసలు పెరిగే పరిస్థితి రాకూడదు. బ్యాంకు పంపిన ఫోను సందేశాన్ని చూడకుండా తుడిచేసేవారికి ఈ ఆదేశాలు ఎందుకూ కొరగావు. ఏడాదికొకసారి బ్యాంకుకు వెళ్లి మిగిలిన అసలు ఎంత, మిగిలిన నెలలు ఎన్ని అని రెండు అంకెలు రాయించుకోవడం మంచిది.

కిస్తు బయటి ఖర్చు

ఫ్లాటు ధర రూ. 40 లక్షలు అనుకుంటే బ్యాంకు ఇచ్చిన 30 పోను పది లక్షలు చేతి నుంచి పెట్టాలి. రిజిస్ట్రేషన్ వేరు. తెలంగాణలో స్టాంపు డ్యూటీ, బదిలీ సుంకం, రిజిస్ట్రేషన్ రుసుం కలిపి 6 శాతంగా ఉండేది 2021 జూలైలో ఏడున్నర శాతం అయింది. ఆ లెక్కన 40 లక్షల మీద మూడు లక్షలు. మామూలుగా బ్యాంకు దీనికి అప్పు ఇవ్వదు. ఎకరం అమ్మమని కబురు వచ్చేది ఈ 13 లక్షల కోసమే. అప్పు లెక్కలో ఎక్కడా కనిపించని ఖర్చు మరొకటుంది. అమ్మిన ఎకరం మీద ఏటా వచ్చే కౌలు ఇక రాదు. అమ్మకుండా బంగారం కుదువ పెట్టో, చిట్టీ ఎత్తో తెచ్చినా దాని భారం కిస్తుకు తోడుగా నడుస్తుంది.

అప్పుతో పాటే బీమా పాలసీ అంటగట్టి, ప్రీమియం కూడా అప్పులోనే కలిపేస్తుంటారు. ఇంటి యజమాని పోతే కుటుంబం మీద అప్పు పడకుండా బీమా ఉండడం మంచిదే. కానీ లక్ష రూపాయల ప్రీమియం అప్పులో కలిస్తే 20 ఏళ్లలో అది రెండు లక్షల ఎనిమిది వేలు అవుతుంది. బీమాను విడిగా, ఏడాదికింత అని కట్టుకునే దారి కూడా ఉంది.

ఈ మూడు పేటలలో మరో సంగతి చూసుకోవాలి. ఇక్కడ ఖాళీ జాగాలు తక్కువ. పాత ఇళ్లు పడగొట్టి కట్టిన అపార్టుమెంట్లే ఎక్కువ. వాటిలోనూ కొన్ని పాతబడ్డాయి. భవనం వయసు ఎక్కువైతే బ్యాంకులు గడువు కుదిస్తాయి, లేదా అప్పు మొత్తం తగ్గిస్తాయి. ఇరవై ఏళ్లు కిస్తులు కట్టేసరికి గోడలు మరో ఇరవై ఏళ్లు పాతబడతాయి. అప్పటికి విలువ నిలిచేది దస్తావేజులో రాసిన విభజన కాని నేల వాటాకే. అది ఎన్ని గజాలో చదివించుకోకుండా ఫ్లాటు ఎన్ని అడుగులో మాత్రమే అడిగి వచ్చే తండ్రులున్నారు. పొలం కొనేటప్పుడు గుంట లెక్క వదలని మనం పట్నంలో గజాల లెక్క ఎందుకు వదులుకోవాలో అర్థం కాదు.

ఇదంతా చదివి ఇల్లే కొనరాదని అనుకోవద్దు. అద్దె కట్టేవాడికి చివరికి ఏమీ మిగలదు. ఈనాటి 26 వేలు ఇరవై ఏళ్ల తరువాత ఇంత బరువుగా ఉండవు, జీతమూ పెరుగుతుంది. అయితే ఫ్లాటును అద్దెకిచ్చి ఆ డబ్బుతో కిస్తు కడతామనే మాట మాత్రం నమ్మదగింది కాదు. 40 లక్షల ఫ్లాటుకు అద్దె రూపంలో కిస్తులో సగం వస్తే గొప్ప. ఆదాయపు పన్నులో వడ్డీకి రెండు లక్షల దాకా మినహాయింపు అంటారు. సొంతంగా ఉండే ఇంటికి అది పాత పద్ధతి ఎంచుకున్నవారికే. కొత్త పద్ధతిలో లేదు.

పంట డబ్బు ఎప్పుడు కట్టాలి

ఊరి నుంచి సాయం చేయదలచిన తల్లిదండ్రులు గమనించవలసింది ఇది. ఎంత ఇచ్చారన్న దానితో పాటు ఎప్పుడు ఇచ్చారన్నది కూడా ముఖ్యం. మన లెక్కలో మొదటి ఏడాది చివర పత్తి అమ్మిన డబ్బో, చిట్టీ డబ్బో రెండు లక్షలు అదనంగా అసలుకు జమ చేసి, కిస్తు అంతే ఉంచితే 34 నెలల ముందే అప్పు తీరుతుంది. పెట్టిన రెండు లక్షలు పోను మరో 6 లక్షల 80 వేల దాకా మిగులుతుంది. అదే రెండు లక్షలు పదిహేనో ఏడాది చివర కడితే మిగిలేది 95 వేల లోపే. పెద్ద మొత్తం లేనివారు ఏడాదికొక కిస్తు అదనంగా కట్టినా 20 ఏళ్ల అప్పు పదహారేళ్ల తొమ్మిది నెలలకు తీరిపోతుంది. ఆరు లక్షల వడ్డీ తప్పుతుంది.

మారే రేటు మీద తీసుకున్న ఇంటి అప్పును ముందే తీర్చేస్తే బ్యాంకులు జరిమానా వేయరాదని రిజర్వు బ్యాంకు 2012లోనే నిషేధించింది. సొమ్ము కట్టేటప్పుడు మాత్రం అసలులో జమ చేయమని, కిస్తు తగ్గించకుండా గడువు తగ్గించమని రాసి ఇవ్వాలి. కిస్తు తగ్గించుకుంటే ఇంత లాభం రాదు.

అప్పు ఇచ్చే ముందే వడ్డీ, ఇతర రుసుములు అన్నీ కలిపి ఏడాదికి ఎంత శాతం పడుతుందో చూపే ముఖ్య వివరాల పత్రం, తీసుకునేవారికి అర్థమయ్యే భాషలో ఇవ్వాలన్న నిబంధన 2024 అక్టోబర్ 1 నుంచి అమలులోకి వచ్చింది. తెలుగులో అడిగి తీసుకోవచ్చు. మొత్తం ఎంత కట్టాలో, నెలనెలా ఎంత అసలుకు ఎంత వడ్డీకి పోతుందో అందులో పట్టిక ఉంటుంది. సంతకాల కాగితాల దొంతరలో అసలు చదవవలసింది అదొక్కటే.

తండ్రి సంతకం

జామీను సంతకం మర్యాద కోసం పెట్టేది కాదు. చట్టం దృష్టిలో అప్పు తీసుకున్నవాడికి ఎంత బాధ్యతో జామీనుదారుకూ అంతే. అప్పులో పాలుదారుగా చేరితే చెప్పనే అక్కరలేదు. కిస్తులు 90 రోజులు దాటి ఆగితే ఆ ఖాతా మొండి బాకీ అవుతుంది. 2002 నాటి సర్ఫేసీ చట్టం కింద 60 రోజుల నోటీసు ఇచ్చి, అప్పటికీ కట్టకపోతే తనఖా ఉన్న ఫ్లాటును బ్యాంకు స్వాధీనం చేసుకోవచ్చు. వ్యవసాయ భూమికి ఆ చట్టం వర్తించదు. అలాగని ఊళ్లో పొలం ఉన్న తండ్రి నిశ్చింతగా ఉండడానికి లేదు. ఫ్లాటు వేలంలో బాకీ తీరకపోతే మిగిలిన దానికి జామీనుదారు మీద దావా వేసే హక్కు బ్యాంకుకు ఉంటుంది. జీతం ఆగితే ఆరు నెలల కిస్తులకు సరిపడా సొమ్ము వేరుగా ఉందా అని కొడుకును అడగడం తప్పు కాదు. ఉద్యోగాలు పోతున్న రోజులివి.

చివరి కిస్తు కట్టిన రోజున పని పూర్తయిందనుకోరాదు. అసలు దస్తావేజులను 30 రోజుల్లో తిరిగి ఇవ్వాలని, బ్యాంకు వల్ల ఆలస్యమైతే రోజుకు రూ. 5,000 చొప్పున పరిహారం చెల్లించాలని రిజర్వు బ్యాంకు పెట్టిన నిబంధన 2023 డిసెంబర్ 1 నుంచి అమలులోకి వచ్చింది. తనఖా రిజిస్టరు అయి ఉంటే దాని విడుదల పత్రాన్ని కూడా సబ్ రిజిస్ట్రార్ కార్యాలయంలో రిజిస్టరు చేయించి, కొత్తగా ఈసీ తీయించి చూసుకోవాలి. తీరిపోయిన అప్పు అందులో ఇంకా కనిపిస్తుంటే ఫ్లాటు అమ్మేనాడు కొనేవాడు అడ్డం తిరుగుతాడు.