యుద్ధనౌకను నిలుపునది లంగరా? గొలుసా?

2016వ సంవత్సరము ఫిబ్రవరి 6వ తేదీన విశాఖపట్నము తీరమున అంతర్జాతీయ నౌకాదళ సమీక్ష జరిగినది. నాటి రాష్ట్రపతి శ్రీ ప్రణబ్ ముఖర్జీ 'సుమిత్ర' అను నౌకపై సాగుచు, వరుసలు దీరి నిలిచిన దేశవిదేశముల యుద్ధనౌకల వందనమును స్వీకరించిరి. ఆ నౌకలు ఏ రేవుగట్టునకును కట్టబడి యుండలేదు. ఒడ్డునకు దూరముగా, కదలుచున్న నీటిపై, నారు పోసిన మడిలో గట్టు వేసినట్లు తిన్నని వరుసలలో నిలిచియుండెను. ఇన్నివేల టన్నుల ఓడలను కదలకుండ పట్టియుంచిన దేమి యని ఆ దృశ్యమును చూచినవారికి సందేహము కలుగుట సహజము.

లంగరు మిక్కిలి బరువైనది గనుక ఓడను పట్టియుంచునని పెక్కుమంది తలంతురు. లెక్క చూచినచో ఈ తలంపు నిలువదు. అమెరికా నౌకాదళమునకు చెందిన నిమిట్జ్ తరగతి విమానవాహక నౌక యొక్కొక్కటి లక్ష టన్నులకు దగ్గరగా తూగును. దాని లంగరు బరువు సుమారు 27 టన్నులు మాత్రమే. అనగా ఓడ బరువులో దాదాపు 3,500వ వంతు. ఇది 350 కిలోల ఎద్దును నూరు గ్రాముల గూటమునకు కట్టివేసినట్లున్నది. బరువుతోనే పని జరుగవలసి యుండినచో ఆ ఓడ ఒక్క గడియయైనను నిలువజాలదు.

ముందుగా గ్రహింపవలసిన సంగతి యొకటి కలదు. ఓడ బరువును మోయునది నీరే గాని లంగరు కాదు. బండ్లతోను, మనుష్యులతోను నిండిన బల్లకట్టును ఒక్క మనిషి గడవేసి నెట్టుట నదీతీర గ్రామముల వారెల్లరు చూచినదే. నీటిపై తేలు వస్తువును కదల్చుటకు కొద్దిపాటి బలము చాలును. కదలకుండ ఆపుటకును ఓడబరువంత బలము అక్కరలేదు. లంగరు ఎదుర్కొనవలసినది గాలి త్రోపును, ప్రవాహపు ఒరవడిని, అలల తాకిడిని మాత్రమే. అయితే ఇవియు సామాన్యమైనవి కావు. గాలి వేగము రెట్టింపైనచో దాని త్రోపు నాలుగు రెట్లగును. విమానవాహక నౌకవంటి ఎత్తైన ఓడకు దాని ప్రక్కలే తెరచాపలవలె గాలిని పట్టును.

ఇక లంగరు నేలను పట్టు విధము. దీనికి సముద్రమువరకు పోనక్కరలేదు. పశువుల పాకలో చూడవచ్చును. నేలలో పాతిన గూటమును పైకి లాగినచో కొద్దిబలమునకే ఊడివచ్చును. అదే గూటమును నేలబారుగా లాగినచో ఎద్దు గింజుకొన్నను రాదు. లంగరు విషయమును ఇట్టిదే. నేటి పెద్ద ఓడల లంగరులకు మధ్య నొక బలమైన కాండమును, దాని అడుగున అటునిటు వంగు రెండు కొమ్ములును ఉండును. కాండమును నేలబారుగా లాగినప్పుడు కొమ్ములు క్రిందికి వంగి, నాగటి కర్రువలె సముద్రపు అడుగున దిగబడును. లాగినకొలది లోతునకు పోవును. నాగలి లోతుగా దున్నవలెనన్న రైతు మేడిని అదిమి పట్టవలెను. సముద్రగర్భమున మేడి పట్టువాడెవ్వడు? ఆ పని చేయునది గొలుసు.

ఈ గొలుసునుగూర్చి సామాన్యముగా ఎవ్వరును ఆలోచింపరు. లంగరునకు పేరు వచ్చినది, గొలుసునకు రాలేదు. నిజమునకు సగము పని గొలుసుదే. ఓడవారు గొలుసును బిగువుగా నుంచరు. నీటి లోతునకు ఐదు మొదలు ఏడు రెట్ల పొడవు గొలుసు విడుతురు. 20 మీటర్ల లోతున్నచోట 100 నుండి 140 మీటర్ల వరకు గొలుసు పోవును. అందు కొంతభాగము సముద్రపు అడుగున పరచుకొని యుండును. తక్కినది ఉట్టిత్రాడు సాగినట్లు వంపు దిరిగి ఓడ ముక్కువరకు లేచును. ఇందువలన రెండు లాభములు గలవు. అడుగున పడియున్న భాగము లంగరు కాండమును నేలకు అదిమియుంచును గనుక, ఓడ ఎట్లు గుంజినను లంగరుపై లాగుడు నేలబారుగనే యుండును. మరియు పెద్దగాలి ఒక్కసారిగా కొట్టినప్పుడు ఓడ వెనుకకు జరుగును. అడుగుననున్న గొలుసు కొంచెము కొంచెముగా పైకి లేచుచు ఆ విసురును తనలో అడచుకొనును. గాలి తగ్గగానే గొలుసు తన బరువుచే మరల క్రిందికి దిగి ఓడను ముందునకు లాగికొనును. బిగువుగా కట్టిన త్రాడు ఒక్క కుదుపునకు తెగుట పశువులను కట్టువారికి తెలిసినదే.

పూర్వము ఓడలకు ఇనుప గొలుసులు లేవు. ఇంగ్లండులోని పోర్ట్స్‌మత్ రేవున నేటికిని భద్రపరచియున్న 'విక్టరీ' అను యుద్ధనౌక 1765లో జలప్రవేశము చేసినది. దాని లంగరు మోకు జనపనారతో పేనినది. చుట్టుకొలత 24 అంగుళములు. ఇంతటి మోకైనను నీటిలో తేలికయగుటచే అడుగున అణగి పడియుండదు. రాళ్లకును పగడపు దిబ్బలకును ఒరసి కోసికొనిపోవును. తడిసి ముడుచుకొని క్రుళ్లును. 19వ శతాబ్ది ప్రారంభమున బ్రిటిష్ నౌకాదళ అధికారి సామ్యూల్ బ్రౌన్ ఇనుప గొలుసులను ప్రచారమునకు తెచ్చెను. తరువాత కడియమునకు నడుమ నొక అడ్డకమ్మీ చేర్చు పద్ధతి వచ్చినది. ఈ చిన్న కమ్మీ కడియము నొక్కుకొని పోకుండ కాపాడుటయే గాక, గొలుసు మెలివడి ముడిపడకుండ కూడ చేయును. నిమిట్జ్ నౌక గొలుసులో ఒక్కొక్క కడియము 160 కిలోలకు పైబడి తూగును. రెండు ధాన్యపు బస్తాల బరువునకు మించినదన్నమాట.

గొలుసును సుమారు 27 1/2 మీటర్ల తునకలుగా చేసి, విడదీయ వీలగు కడియములతో కలుపుదురు. ఎంత గొలుసు బయటికి పోయినదో తెలియుటకు ఈ కలుపుల వద్ద రంగుల గుర్తులుండును. అమెరికా నౌకాదళమున చివరినుండి రెండవ తునకకంతకు పసుపు రంగును, చిట్టచివరి తునకకంతకు ఎరుపు రంగును పూయుదురు. ఇది అలంకారము కాదు. లంగరు జారవిడిచినప్పుడు గొలుసును పట్టియుంచు బిగింపు విఫలమైనచో, టన్నులకొలది ఇనుము ఉరుమువలె మ్రోగుచు, తుప్పుధూళిని నిప్పురవ్వలను చిమ్ముచు పరుగెత్తును. పసుపు కనిపించినచో ప్రమాదము సమీపించినదని యర్థము. ఎరుపు కనిపించుసరికి అక్కడి నావికులు పారిపోయి యుండవలెను; గొలుసు చివర ఓడనుండి పెరికివేయబడి, అడ్డమువచ్చిన దానినెల్ల కొట్టివేయును.

లంగరు వేయుటయు నేర్పుతో కూడిన పనియే. అడుగున బురదయో, బంకమన్నో, ఇసుకయో యున్న తావును మ్యాపులో చూచి యెన్నుకొందురు. రాతినేలలో కొమ్ములు దిగవు. ఓడ గాలికెదురుగా మెల్లగా వచ్చి ఆగి, కొంచెము వెనుకకు సాగుచుండగా లంగరు విడుతురు. వెనుకకు సాగుటచే గొలుసు కుప్పగా పడక అడుగున వరుసగా పరచుకొనును. పిమ్మట యంత్రములను వెనుకకు నడిపి కొమ్ములు దిగినవో లేదో పరీక్షింతురు. అనేక యుద్ధనౌకలకు ముక్కు క్రింద, నీటిలోని ధ్వనులను పసిగట్టు పరికరపు గుబ్బ యుండును. గొలుసు దానిని ఒరయకుండుటకై లంగరును ముక్కు కొననే అమర్చుట కలదు.

లంగరు వేసిన ఓడ గాలివాలును బట్టి గొలుసు చుట్టును తిరుగుచుండును. విక్రమాదిత్య పొడవు సుమారు 284 మీటర్లు. దానికి 140 మీటర్ల గొలుసు విడిచినచో, ఇంచుమించు 420 మీటర్ల వ్యాసార్ధము గల వృత్తమంతయు దానికి విడిచిపెట్టవలసినదే. తీరగ్రామముల పంచాయతీ సభ్యులు ఈ సంగతిని తమ మత్స్యకారులతో ప్రస్తావించుట మంచిది. ఉదయము ఖాళీగా కనిపించిన తావున వల వేసినచో, గాలి మరలినంతనే ఓడ దానిపైకి రావచ్చును. లంగరు వేసిన ఓడను గుర్తించుట సులభము. 1972 నాటి అంతర్జాతీయ నియమముల ప్రకారము పగలు ఓడ ముందుభాగమున నల్లని గుండు వ్రేలాడదీయవలెను. రాత్రి 50 మీటర్లు, ఆ పైబడిన ఓడలు ముందొకటి, వెనుక కొంచెము దిగువగా నొకటి తెల్లని దీపములు చూపవలెను.

లంగరు వేసిన తరువాత అందరును నిద్రపోవుదురని యనుకొనరాదు. రేయింబవళ్లు ఒకరు కావలి యుండి, దీపస్తంభము, కొండకొన వంటి తీరపు గుర్తులు ఏ దిక్కున కనిపించుచున్నవో మాటిమాటికి కొలిచి చూచుచుందురు. దిక్కు మారినచో లంగరు జారుచున్నదేమోయని అనుమానింతురు. నేడు ఉపగ్రహముల సాయముతో ఓడయున్న చోటు క్షణక్షణమునకు తెలియుచున్నది. అయినను అనుభవజ్ఞుడైన నావికుడు గొలుసుపై చేయివేసి చూచును. లంగరు గట్టిగా పట్టియున్నప్పుడు గొలుసు నిదానముగా బిగిసి వదలును. అడుగున దుముకుచు జారుచున్నప్పుడు గొలుసు అదరును.

లంగరు నిలువనప్పుడు ఏమగునో విశాఖవాసులు 2020 అక్టోబరులో చూచియున్నారు. బంగాళాఖాతములో వాయుగుండము వచ్చినప్పుడు, రేవు వెలుపల నిలిచియున్న 'మా' అను బంగ్లాదేశ్ సరకు నౌక కొట్టుకొనివచ్చి తెన్నేటి పార్కు వద్ద ఒడ్డునెక్కెను. అందలి 15 మంది సిబ్బంది సురక్షితముగా బయటపడిరి.

యుద్ధనౌకల చరిత్రలో ఇంతకంటె ఘోరమైన ఉదంతము 1889 మార్చి 15, 16 తేదీలలో పసిఫిక్ మహాసముద్రమునందలి సమోవా ద్వీపములలో జరిగినది. ఆపియా రేవున అమెరికా నౌకలు మూడు, జర్మను నౌకలు మూడు, బ్రిటిష్ నౌక యొకటి లంగరు వేసియుండెను. ఆ ద్వీపములపై పెత్తనము కొరకు తగవు నడచుచున్న రోజులవి. వాయుభారము పడిపోవుచున్నను, ముందుగా రేవు విడిచిపోవుటకు ఏ పక్షమును ఇష్టపడలేదు. ఆ రేవు ఉత్తరమునకు తెరచియున్నది. తక్కిన వైపుల నేల, పగడపు దిబ్బలు. తుపాను గాలి ఉత్తరమునుండియే వచ్చినది. ఓడలు తమతమ లంగరులన్నియు వేసి, యంత్రములను గాలికెదురుగా నడిపినను, గొలుసులు తెగియు, లంగరులు జారియు, ఒకదానినొకటి కొట్టుకొనుచు దిబ్బలవైపు సాగినవి. జర్మనుల 'ఎబర్' దిబ్బకు కొట్టుకొని ముక్కలైనది. 'ఆడ్లర్' ఎత్తి దిబ్బపై పడవేయబడినది. అమెరికా వారి 'వాండాలియా' కప్తానుతో సహా పెక్కుమందిని కోల్పోయి మునిగినది. నూరుమందికి మించి నావికులు మరణించిరి. మరి యెందరినో సమోవావాసులు తమ ప్రాణములకు తెగించి అలలలోనికి దిగి ఒడ్డునకు చేర్చిరి.

బ్రిటిష్ నౌక 'కాలియోప్' కప్తాను హెన్రీ కేన్ మాత్రము, ఇక లంగరు కాపాడజాలదని నిశ్చయించుకొనెను. గొలుసు విడిచివేసి, యంత్రములనుండి రాగల బలమునంతను రాబట్టి, గాలికెదురుగా రేవు ముఖమువైపు నౌకను నడిపెను. సామాన్యముగా గంటకు పదమూడు మైళ్లకు పైగా పోగల ఆ ఓడ, అప్పుడు గంటకొక మైలు సాగుటయు కష్టమైనది. దారిలో అమెరికా వారి 'ట్రెంటన్' ప్రక్కనుండి ఒరసికొనునంత సమీపముగా పోవలసివచ్చెను. తమ ఓడ నిలువదని యెరిగియు ట్రెంటన్ నావికులు కాలియోప్‌ను చూచి జయధ్వానములు చేసిరి. కాలియోప్ నడిసముద్రమునకు చేరి బ్రతికినది.

19వ తేదీన ఆ నౌక తాను విడిచిపోయిన లంగరుల కొరకు ఆపియాకు తిరిగివచ్చెను. రేవునిండ పగిలిన ఓడలే. తేలుచున్న యుద్ధనౌక మరొకటి లేదు. లంగరులు దొరకలేదు.