వీధిని స్టూడియోకి తెచ్చిన ట్రౌనర్

పాత ఫ్రెంచి సినిమాల్లో మనం మురిసిపోయే పారిస్‌లో చాలా భాగం కర్రతో, ప్లాస్టరుతో కట్టిందే. కట్టించిన కళాదర్శకుల్లో ముందు చెప్పుకోవాల్సిన పేరు అలెగ్జాండర్ ట్రౌనర్.

● ఆయన పారిస్‌వాడు కాదు. 1906లో హంగరీలోని బుడాపెస్ట్‌లో పుట్టారు. అక్కడే చిత్రకళ నేర్చుకుని, 1929లో ఫ్రాన్స్ చేరారు. పేరున్న కళాదర్శకుడు లాజార్ మీర్సన్ దగ్గర సహాయకుడిగా చేరి పని పట్టుకున్నారు.

● ‘హోటల్ ద్యూ నోర్’ (1938) కోసం సెయింట్ మార్టిన్ కాలువను, దాని మీది వంతెనను, పక్కనున్న హోటల్‌ను స్టూడియో స్థలంలోనే కట్టించారు. సినిమా తీసింది సెట్టులో. అయినా ఆ పేరు పుణ్యమా అని అసలు హోటల్ ముందుగోడకు 1989లో చారిత్రక కట్టడంగా రక్షణ దక్కింది!

● నాజీల ఆక్రమణ కాలంలో యూదుడైన ట్రౌనర్‌కు బాహాటంగా పనిచేసే వీల్లేదు. దక్షిణ ఫ్రాన్స్‌లో తలదాచుకుంటూనే ‘లెజాంఫాఁ ద్యూ పారాదీ’ (1945)కి సెట్టులు గీశారు. బయటికి ఆ పని చూసుకున్నది లియోన్ బార్సాక్. నీస్ నగరంలోని విక్టరీన్ స్టూడియోలో 19వ శతాబ్దపు పారిస్ నాటకశాలల వీధి అలా లేచింది. విముక్తి తర్వాత సినిమా విడుదలైనప్పుడు ట్రౌనర్ రహస్యంగా పనిచేశారన్న సంగతిని టైటిల్స్‌లోనే వేశారు.

● ‘ఒథెల్లో’ను మొరాకోలో తీస్తుంటే దుస్తులు సమయానికి అందలేదు. దర్శకుడు ఆర్సన్ వెల్స్ హత్య సన్నివేశాన్ని ఆవిరి స్నానశాలకు మార్చేశాడు. అక్కడైతే తువ్వాళ్లు చాలు కదా! చేపల మార్కెట్‌నే ట్రౌనర్ స్నానశాలగా ముస్తాబు చేశారు. 1952లో ఆ చిత్రం కాన్ ఉత్సవంలో అగ్ర బహుమతిని మరో చిత్రంతో పంచుకుంది.

● బిల్లీ వైల్డర్ ‘ది అపార్ట్‌మెంట్’ (1960)లో కనుచూపు మేర బల్లలే కనిపించే ఆఫీసు ఉంది. అదంతా కనికట్టు. వెనక్కి పోయేకొద్దీ బల్లల సైజు తగ్గించారు, వాటి దగ్గర పొట్టివాళ్లను కూర్చోబెట్టారు. చిట్టచివర బొమ్మ బల్లలు, అట్టముక్కల మనుషులు! ఈ చిత్రమే ట్రౌనర్‌కు ఆస్కార్ తెచ్చింది.

● మళ్లీ వైల్డర్‌కే ‘ఇర్మా లా డూస్’ (1963) కోసం పారిస్ మార్కెట్ పేటను హాలీవుడ్‌లో కట్టిపెట్టారు. మన దేశంలో మొదలయ్యే కిప్లింగ్ కథతో తీసిన ‘ది మ్యాన్ హూ వుడ్ బి కింగ్’ (1975)కి మొరాకోను అఫ్గాన్ కొండసీమగా మార్చి, మరోసారి ఆస్కార్ నామినేషన్ అందుకున్నారు.

● మెట్రో స్టేషన్‌నూ వదల్లేదు. 1946లో దర్శకుడు మార్సెల్ కార్నే చిత్రానికి బార్బెస్ స్టేషన్‌ను స్టూడియోలో నిలబెట్టారు. దాదాపు నలభై ఏళ్లకు కుర్ర దర్శకుడు లూక్ బెసాన్ పారిస్ మెట్రో సొరంగాల్లో నడిచే కథతో ‘సబ్‌వే’ (1985) మొదలుపెట్టి ఈయన్నే పిలిచాడు. ఫ్రాన్స్ వారి సెజార్ పురస్కారం ‘మిస్యూ క్లైన్’, ‘డాన్ జువానీ’ చిత్రాలకు అప్పటికే వచ్చింది. ‘సబ్‌వే’తో మూడోది అందింది. అప్పుడు ఆయన వయసు 79!