యెషిల్‌చామ్ కథానాయికలు - ‘షోరాయ్ చట్టాలు’: ఒక పరిశీలన

ఉపోద్ఘాతం:
యెషిల్‌చామ్ అనేది ఇస్తాంబుల్ నగరంలోని ఒక వీధి పేరు. చిత్రనిర్మాణ సంస్థల కార్యాలయాలు అక్కడ నెలకొనడంతో, 1950ల నుంచి 1980ల వరకు వెలువడిన టర్కీ జనరంజక సినిమాకు ఆ పేరే స్థిరపడింది. 1972లో సుమారు 300 చిత్రాలు నిర్మించిన ఈ పరిశ్రమకు తుర్కాన్ షోరాయ్, హుల్యా కోచియిట్, ఫిలిజ్ ఆకిన్, ఫాత్మా గిరిక్ అనే నలుగురు కథానాయికలు మూలస్తంభాలు. వీరిలో షోరాయ్ విధించిన నియమాలు ‘షోరాయ్ చట్టాలు’గా ప్రసిద్ధికెక్కాయి. వాటిని కేవలం నైతిక నియమాలుగా చూడడం సమంజసమా అన్నది ఇక్కడి ప్రశ్న.

పూర్వరంగం:
ఒట్టోమన్ కాలంలో ముస్లిం స్త్రీలకు రంగస్థల ప్రవేశం నిషిద్ధం. అందువల్ల తొలినాటి స్త్రీ పాత్రలను ముస్లిమేతర నటీమణులే ధరించేవారు. 1923లో ‘ఆతెష్తెన్ గోమ్లెక్’ చిత్రంలో బెదియా మువహ్హిత్, నెయ్యిరె నెయిర్ నటించడంతో ఆ అవరోధం తొలగింది.

పెట్టుబడి - నటి:
యెషిల్‌చామ్ నిర్మాతలకు సొంత పెట్టుబడి స్వల్పం. అదానా, ఇజ్మీర్, సామ్‌సున్ వంటి ప్రాంతాల పంపిణీదారులు ముందుగా ఇచ్చే హామీపత్రాలే మూలధనం. కనుక ఏ నాయిక నటించాలో, కథ ఎలా సాగాలో వారే సూచించేవారు. కుటుంబ ప్రేక్షకుల ఆదరణ వారికి ముఖ్యం. నటికి తన గొంతుపైన కూడా అధికారం తక్కువే. చిత్రీకరణ వేళ శబ్దగ్రహణం లేకపోవడంతో సంభాషణలను తరువాత డబ్బింగ్‌లో చేర్చేవారు. అదాలెత్ జిమ్‌జోజ్ ఒక్కరే పలువురు నాయికలకు గళమిచ్చారు.

షోరాయ్ చట్టాలు:
ఈ నేపథ్యంలో షోరాయ్ నియమాలను పరిశీలించాలి. ముద్దు సన్నివేశాలకు, నగ్నతకు నిరాకరణ అందులో ఒక భాగం మాత్రమే. చిత్రకథను ముందుగా అందజేయాలనడం, ఆదివారం సెలవు కోరడం శ్రమకు సంబంధించిన షరతులు. తొలి భాగం కుటుంబ ప్రేక్షకుల అభిరుచికి అనుకూలించింది. మలి భాగం నటికి పనిపై కొంత అధికారాన్నిచ్చింది. మొదటిది విపణికి లాభసాటి కావడం వల్లనే రెండవది సాధ్యపడిందని భావించవచ్చు. 1972లో ‘దోనుష్’ చిత్రానికి ఆమె స్వయంగా దర్శకత్వం వహించడం ఈ అధికారానికి కొనసాగింపు.

ముగింపు:
1970ల చివర టెలివిజన్ విస్తరణ, రాజకీయ హింస కుటుంబ ప్రేక్షకులను థియేటర్లకు దూరం చేశాయి. నియమాలకు ఆధారమైన విపణి సడలింది. 1982లో ‘మినె’ చిత్రంలో షోరాయ్ తన నియమాలను తానే అతిక్రమించారు. వైవాహిక జీవితంలో ఊపిరాడని స్త్రీ కోరికను ఆ చిత్రం కథావస్తువుగా స్వీకరించింది. విధించుకోవడంలోనూ విడిచిపెట్టడంలోనూ నిర్ణయం నటిదే కావడం గమనార్హం. కాబట్టి ‘షోరాయ్ చట్టాల’ను శీల ప్రకటనగా కాక, శ్రామిక ఒప్పందంగా అధ్యయనం చేయడం సముచితం.