మీటరు లోపల గడియారం, చక్రం

ఇంటర్ మొదటి సంవత్సరం పిల్లలకి భ్రమణ చలనం చెబుతుంటే వెనక బెంచీ కుర్రాడు లేచాడు. "సార్, చక్రం తిరిగితే మీటరు తిరుగుతుందన్నారు కదా. మరి సిగ్నల్ దగ్గర ఆటో ఆగి ఉన్నప్పుడు కూడా అంకె మారుతుంది, ఎట్ల?" వెయిటింగ్ ఛార్జీ అని ఒక్క మాటలో తేల్చేయవచ్చు. కానీ వాడు అడిగింది డబ్బు సంగతి కాదు, యంత్రం సంగతి. కరెంటు లేదు, చిప్ లేదు, ఆలోచించే భాగమంటూ ఏదీ లేదు. అలాంటి పాత ఇనప పెట్టెకి బండి నడుస్తోందో ఆగిందో ఎలా తెలుస్తుంది?

రాణిగంజ్‌లో పాత సామాన్ల దుకాణం నుంచి తెచ్చిన మెకానికల్ మీటరు ఒకటి నా దగ్గర ఉంది. సికింద్రాబాద్‌లో నడివయసు దాటిన వాళ్లందరికీ అది గుర్తుండే ఉంటుంది. పక్కన మీట, ముందు అద్దం, అద్దం వెనక తెల్లటి అంకెల చక్రాలు. ప్రయాణికుడు ఎక్కగానే డ్రైవరు చెయ్యి బయటికి చాపి మీట కిందికి తిప్పితే టంగుమని చప్పుడయ్యేది. మరునాడు దాని మూత విప్పి పిల్లల ముందు పెట్టాను.

లోపలికి రెండు దారుల్లో కదలిక వస్తుంది. మొదటిది ముందు చక్రం నుంచి. చక్రం హబ్ దగ్గర మొదలైన కేబుల్ లోపల ఉక్కు తీగ తిరుగుతూ మీటరు వెనక భాగానికి చేరుతుంది. ఆటో టైరు వ్యాసం సుమారు 42 సెంటీమీటర్లు, అంటే చుట్టుకొలత దాదాపు 1.3 మీటర్లు. కిలోమీటరుకి ఇంచుమించు 770 చుట్లు తిరుగుతుంది. కిలోమీటరుకి 11 రూపాయల లెక్కన చూస్తే రూపాయికి 70 చుట్లు. ఇక పళ్ల చక్రాలు చేయాల్సిందల్లా ఈ 70 చుట్లను ఒక్క అడుగుగా కుదించడమే.

ఈ సగం చాలా పాతది. రెండు వేల ఏళ్ల కిందట రోమన్ ఇంజినీరు విట్రూవియస్ ఇలాంటి బండినే వర్ణించాడు. చక్రం చుట్టుకొలత పన్నెండున్నర అడుగులు. చక్రం ఒక్కసారి తిరిగితే పక్కనున్న నాలుగు వందల పళ్ల చక్రం ఒక్క పన్ను జరుగుతుంది. నాలుగు వందల పళ్లూ జరిగేసరికి ఐదువేల అడుగులు, అంటే ఒక రోమన్ మైలు పూర్తవుతుంది, ఒక గులకరాయి కంచు పాత్రలో పడుతుంది. ప్రయాణం ముగిశాక రాళ్లు లెక్కపెట్టుకుంటే ఎన్ని మైళ్లో తెలిసిపోతుంది. ఆ బండి రోజంతా ఒకచోట నిలిచి ఉంటే మాత్రం ఒక్క రాయీ పడదు. నిలబెట్టుకున్న సమయానికి అక్కడ విలువ లేదు.

రెండో దారి గడియారం. స్ప్రింగుతో నడిచే మామూలు గడియారమే, ముళ్లకు బదులు ఒక ఇరుసును తిప్పుతుంది. స్వీడన్‌లో పేరున్న టాక్సీ మీటర్ల కంపెనీ హాల్డా మొదట గడియారాల ఫ్యాక్టరీగానే పుట్టింది. ఆ పనితనం ఈ పెట్టెకి ఎంత అవసరమో లోపలి భాగాలు చూస్తే అర్థమవుతుంది.

గుర్రబ్బండ్ల కాలంలో యూరప్ నగరాల్లో మైలుకో రేటు, గంటకో రేటు వేర్వేరుగా ఉండేవి. ఏ రేటు కట్టాలన్న దగ్గర తగాదా వచ్చేది. జర్మనీకి చెందిన ఫ్రీడ్రిష్ విల్‌హెల్మ్ గుస్టాఫ్ బ్రూన్ 1891లో ఆ రెండింటినీ ఒకే పెట్టెలో పెట్టి తగాదా తీర్చాడు. 1897లో ష్టుట్‌గార్ట్‌లో గ్రైనర్ అనే వ్యాపారి డైమ్లర్ మోటారు బండికి మీటరు బిగించి కిరాయికి తిప్పాడు. 1907 నాటికి లండన్ టాక్సీలకి మీటరు తప్పనిసరి అయింది. చరిత్ర ఇంతవరకు చాలు. నన్ను కట్టిపడేసింది ఆ రెండు కదలికలు కలిసే చోటు.

చక్రం ఇరుసు, గడియారం ఇరుసు రెండూ ఒకే అంకెల ఇరుసు మీదికి వస్తాయి. కానీ ఏదీ దానికి నేరుగా బిగించి ఉండదు. మధ్యలో ఒక్కోదానికి ఒక్కో రాచెట్, అంటే ఒకవైపే పట్టే పళ్లు. సైకిలు వెనక చక్రానికి ఉండే ఫ్రీవీలు లాంటిదే. తొక్కితే చైను చక్రాన్ని లాగుతుంది. తొక్కడం ఆపినా చక్రం తన దారిన తిరుగుతుంటే ఫ్రీవీలు కటకటలాడుతుంది తప్ప అడ్డుపడదు. ఇప్పుడు ఒకే ఇరుసు మీద రెండు ఫ్రీవీళ్లున్నాయనుకోండి. ఏది వేగంగా తిరుగుతుంటే దాని పళ్లు పట్టుకుని ఇరుసును తోస్తాయి. నెమ్మదిగా తిరిగేది కటకటమంటూ వెనకబడి ఉంటుంది. బండి పరుగు తీస్తుంటే చక్రం గెలుస్తుంది, గడియారం ఊరికే ఉంటుంది. బండి ఆగిందంటే చక్రం వేగం సున్నా, కాబట్టి గడియారం పళ్లు వచ్చి పట్టుకుంటాయి. బండి ఆగిందని ఆ పెట్టెకి ఎవరూ చెప్పనక్కర్లేదు. రెండు సంఖ్యల్లో పెద్దదాన్ని ఎంచుకునే పని రెండు ఉక్కు కొక్కేలు చేసేస్తాయి, అదీ ప్రతి క్షణం. లెక్కల మాస్టార్లు బోర్డు మీద రాసే గరిష్ఠ ప్రమేయం ఇదే.

ప్రతి క్షణం అన్న మాట దగ్గర కాస్త ఆగాలి. కిలోమీటరుకి 11 రూపాయలు, నిమిషానికి మూడున్నర రూపాయలు అనుకుందాం. ఐదు కిలోమీటర్ల ప్రయాణంలో పది నిమిషాలు పూర్తిగా ఇరుక్కుపోయారు, మిగతా పది నిమిషాలు గంటకి 30 కిలోమీటర్ల వేగంతో వెళ్లారు. దూరం ఒక్కటే లెక్కిస్తే 55 రూపాయలు. సమయం ఒక్కటే లెక్కిస్తే 70. మీటరు చూపించేది మాత్రం 90. ఇరుక్కున్న పది నిమిషాలకి గడియారం 35 తోసింది, నడిచిన పది నిమిషాలకి చక్రం 55 తోసింది. ఈ 90ని చూసి చాలామంది మీటరు మోసం చేసిందనుకుంటారు. అది లెక్క సరిగ్గా చేసింది.

చక్రం, గడియారం సమానంగా తోసే ఒక వేగం ఉంటుంది. దాన్ని క్రాసోవర్ వేగం అంటారు. గంట వెయిటింగ్ రేటును కిలోమీటరు రేటుతో భాగిస్తే అది వచ్చేస్తుంది. మన నగరాల ఆటో గొడవల మూలం నాకు కనిపించేది ఈ ఒక్క భాగహారంలోనే. న్యూయార్క్ టాక్సీ మీటరు మైలులో ఐదో వంతుకి గానీ 60 సెకన్లకి గానీ ఒక అడుగు వేస్తుంది. అంటే అక్కడ క్రాసోవర్ వేగం గంటకి 12 మైళ్లు, 19 కిలోమీటర్ల పైమాట. చెన్నైలో 2013లో పెట్టిన ఆటో రేట్లు చూడండి: 1.8 కిలోమీటర్ల దాకా 25 రూపాయలు, తర్వాత కిలోమీటరుకి 12, వెయిటింగ్ ఐదు నిమిషాలకి మూడున్నర. గంటకి 42 రూపాయలు. 42ని 12తో భాగిస్తే మూడున్నర. గంటకి మూడున్నర కిలోమీటర్లంటే మనిషి నడక కన్నా తక్కువ! బండి నడిచే మనిషి కన్నా నెమ్మదించినప్పుడు తప్ప అక్కడ గడియారం గెలవదు.

మన సికింద్రాబాద్ ఆటోల పట్టికలోనూ వెయిటింగ్‌కి కట్టిన విలువ ఆ కోవదే. సాయంత్రం ఆరున్నరకి క్లాక్ టవర్ నుంచి ప్యారడైజ్ దాకా ఆటో గంటకి ఎనిమిది కిలోమీటర్ల వేగంతో పాకుతోందనుకోండి. మీటరు దృష్టిలో అది నడుస్తున్న బండే, చక్రమే గెలుస్తోంది. డ్రైవరుకి గంటకి పడేది 88 రూపాయలు, అందులోనే గ్యాసు ఖర్చు. అదే ఖాళీ రోడ్డు మీద 25 కిలోమీటర్ల వేగంతో వెళ్తే 275. "ట్రాఫిక్ మస్తుంది సార్, మీటరు మీద ఇర్వై ఇయ్యిండ్రి" అన్నప్పుడు ఆయన అడుగుతున్నది మనం గడియారానికి ఇవ్వని జీతం. కోపం తెచ్చుకునే ముందు ఈ భాగహారం ఒకసారి చేసి చూడమని నా విద్యార్థులకి చెబుతాను. దారి దగ్గర తగువు కూడా ఇక్కడే పుడుతుంది. దూరానికే డబ్బు కాబట్టి ప్రయాణికుడికి జామ్ ఉన్నా ప్యారడైజ్ మీదుగా దగ్గరి దారి లాభం. సమయం పోతుంది కాబట్టి డ్రైవరుకి చుట్టు తిరిగైనా ఖాళీ రోడ్డు పట్టడం లాభం.

లెక్క ముందుగానే వేసుకోవడం మన దగ్గర చాలా తేలిక. 2014 ఫిబ్రవరిలో ఉమ్మడి రాష్ట్రం ఖరారు చేసిన పట్టిక ప్రకారం మొదటి 1.6 కిలోమీటర్లకి 20 రూపాయలు, తర్వాత కిలోమీటరుకి 11, రాత్రి పదకొండు నుంచి తెల్లవారుజామున ఐదు దాకా ఒకటిన్నర రెట్లు. తెలంగాణ ఏర్పడక ముందటి ఈ పట్టిక పదేళ్లు గడిచినా మారలేదు. 1.6 కిలోమీటర్లంటే దాదాపు ఒక మైలు. ఆ మైలును కిలోమీటరు రేటుతోనే లెక్కిస్తే 17 రూపాయల 60 పైసలు. కనీస ఛార్జీకీ దానికీ తేడా 2 రూపాయల 40 పైసలు. కాబట్టి దూరాన్ని పదకొండుతో హెచ్చవేసి 2.40 కలిపితే మీటరు చూపించాల్సిన అంకె వచ్చేస్తుంది. సికింద్రాబాద్ స్టేషన్ నుంచి తార్నాక నాలుగు కిలోమీటర్లనుకుంటే 46 రూపాయల 40 పైసలు. ఈ 2.40 ఒక్కో ఆటో ఎక్కడానికి మనం కట్టే ప్రవేశ రుసుము. బెంగళూరు 2021 పట్టికలో రెండు కిలోమీటర్లకి 30, ఆపై కిలోమీటరుకి 15. అక్కడ ప్రవేశ రుసుము సున్నా.

ఈ ముందస్తు లెక్కతోనే మీటరు నిజాయితీని కూడా పరీక్షించవచ్చు. టైరు అరిగితే చుట్టుకొలత తగ్గుతుంది, అదే దూరానికి ఎక్కువ చుట్లు పడతాయి. అన్నివైపులా ఐదు మిల్లీమీటర్లు అరిగితే వ్యాసం సెంటీమీటరు తగ్గుతుంది, నూరు రూపాయల దగ్గర రెండున్నర రూపాయలు ఎక్కువ చూపిస్తుంది. గాలి తగ్గినా అదే దారి. సహజమైన తప్పు అక్కడితో సరి. బండి ఎక్కువ సేపు ఆగకుండానే మీటరు మన లెక్క కన్నా ముప్పై శాతం ముందుకి దూకితే దానికి కారణం టైరు కాదు. పాత మీటర్లలో పళ్ల చక్రం మార్చేవారు, ఎలక్ట్రానిక్ మీటర్లలో దొంగ పల్సులు పంపుతారు. తూనికలు కొలతల శాఖ మీటరుకి సీలు వేసేది అందుకే. కూరగాయల కాటాకి వర్తించే తూనికల చట్టమే దీనికీ వర్తిస్తుంది. ఎక్కేటప్పుడు సీలు చూడటం తప్పు పట్టాల్సిన పని కాదు.

ఎలక్ట్రానిక్ మీటరు సూత్రాన్ని మార్చలేదు. కేబుల్ స్థానంలో సెన్సరు, రాచెట్ స్థానంలో రెండు లైన్ల ప్రోగ్రాం. పెద్ద మార్పు తెచ్చినవి యాప్‌లు. అవి పెద్దదాన్ని ఎంచుకోవడం మానేసి రెండింటినీ కలపడం మొదలుపెట్టాయి: ఇన్ని కిలోమీటర్లకి ఇంత, దానికి తోడు ఇన్ని నిమిషాలకి ఇంత. ఇనుముతో ఈ కూడిక చేయాలంటే రాచెట్లు చాలవు, ఆటో వెనక ఇరుసులో ఉండే డిఫరెన్షియల్ కావాలి. అది రెండు చక్రాల వేగాలను కలిపి సగం చేసే యంత్రం. ఆటోకి ఎప్పటి నుంచో ఉన్న ఆ భాగం మీటరులోకి మాత్రం రాలేదు. నాకు రాచెట్ పద్ధతే ఇష్టం. పరుగు తీస్తున్నప్పుడు కూడా నిమిషాలకి విడిగా కట్టడం దానిలో లేదు.

ఆ తర్వాత ఓలా, ఊబర్, రాపిడో కొలవడం పక్కనపెట్టి ముందే అంచనా చెప్పే దారి పట్టాయి. దూరం, పట్టబోయే సమయం, ఆ చోట బండ్ల కొరత అన్నీ కలిపి ఎక్కకముందే ఒక అంకె. కొరత వేళ పెంచే ఛార్జీకి 2020లో కేంద్రం మూల ఛార్జీకి ఒకటిన్నర రెట్ల హద్దు పెట్టింది, 2025 జులైలో దాన్ని రెండింతలకి పెంచింది. ఇక్కడ ఆదా చేసే కిటుకు మీటరు లెక్కలోనే ఉంది. రోడ్డు ఖాళీగా ఉండే వేళ మీటరు చవక, ఎందుకంటే గడియారానికి పనిలేదు. వెయిటింగ్ రేటు ఎక్కువగా ఉన్న చోట, జామ్ తప్పదని తెలిసిన వేళ ముందే ఖాయమైన అంకె మేలు, ఎందుకంటే ఆలస్యం భారం మన మీద పడదు. పొద్దున రైళ్లన్నీ ఒకేసారి దిగే వేళ ఒకటో ప్లాట్‌ఫాం వైపు అంకె ఎక్కువ కనిపిస్తే, పదో ప్లాట్‌ఫాం దాటి బోయిగూడ వైపు వెళ్లి మళ్లీ చూడండి. కొరత ఆ చోటుని బట్టి ఉంటుంది. ఇంకా దూరమైతే సికింద్రాబాద్ ఈస్ట్‌లో మెట్రో ఎక్కి, జామ్ ఉండే భాగమంతా పట్టాల మీద దాటేసి, చివరి రెండు కిలోమీటర్లకి ఆటో మాట్లాడుకోవచ్చు. ప్రవేశ రుసుము 2.40 మాత్రమేనని గుర్తుంటే ఇలా విడగొట్టుకోవడానికి వెనకాడనక్కర్లేదు.

ఆటో రేట్లు పెంచాలన్న మాట వచ్చినప్పుడల్లా చర్చంతా కనీస ఛార్జీ మీద, కిలోమీటరు రేటు మీదే సాగుతుంది. వెయిటింగ్ రేటు గురించి ఎవరూ మాట్లాడరు. కిలోమీటరుకి 11 రూపాయలు అలాగే ఉంచి నిమిషానికి రెండు రూపాయలు పెడితే క్రాసోవర్ వేగం గంటకి 11 కిలోమీటర్ల దగ్గరికి వస్తుంది. ఖాళీ రోడ్డు మీద వెళ్లే ప్రయాణికుడికి ఒక్క పైసా పెరగదు. ప్యారడైజ్ దగ్గర గంటకి ఎనిమిది కిలోమీటర్లతో పాకే బండికి గడియారం గంటకి 120 రూపాయలు తోస్తుంది, 88 కాదు. ఆ తేడా అద్దం వెనక ఇద్దరికీ కనిపించే అంకెల్లో పడుతుంది.